2024-25 వార్షిక నివేదిక: సర్వసభ్య సమావేశానికి కార్యదర్శి సమర్పించినది

అధ్యక్షులకు, కార్యవర్గానికి, గోదావరి గట్టు ఊళ్ల నుంచి వచ్చిన, ఇసుక తోలే ట్రాక్టర్, టిప్పర్ యజమానులందరికీ నమస్కారం. మండపం అద్దె తీసుకోని పెద్దలకు, మైకు పెట్టిన కుర్రాళ్లకు, భోజనాలు చూస్తున్న మహిళలకు ముందుగా కృతజ్ఞతలు. కుర్చీలు ఎన్ని ఖాళీగా ఉన్నాయో మీకూ కనిపిస్తోంది. బండి సీజ్ అయితే అర్ధరాత్రయినా నా ఫోన్ మోగుతుంది, మీటింగు అనేసరికి అందరికీ పెళ్లిళ్లే.

2024 జులై 8న ఆంధ్రప్రదేశ్‌లో ఉచిత ఇసుక విధానం వచ్చినప్పుడు ఇక టెన్షన్ లేదనుకున్నాం. ఇసుకకు డబ్బు కట్టక్కర్లేదన్నారు గానీ, ఎక్కడపడితే అక్కడ తవ్వుకుని కాగితం లేకుండా తోలుకోమని ఎవరూ అనలేదు. ఈ తేడా తెలియకే మనవాళ్లు కొందరు ఇరుక్కున్నారు.

ఈ ఏడాది మనం గర్వంగా చెప్పుకోవాల్సింది న్యాయ అవగాహన సదస్సు. ఫీజు తీసుకోకుండా వచ్చి సాయంత్రం దాకా ఓపిగ్గా చెప్పిన న్యాయవాదులకు సంఘం రుణపడి ఉంది. రానివారి కోసం ముఖ్యమైనవి మళ్లీ రాస్తున్నాను.

1957 నాటి గనులు, ఖనిజాల చట్టం సెక్షన్ 21(4) ప్రకారం బండిని పట్టుకునే అధికారం అందరికీ ఉండదు, ప్రభుత్వం ప్రత్యేకంగా అధికారమిచ్చిన వారికే ఉంటుంది. అలా పట్టుకున్న బండిని శాశ్వతంగా ప్రభుత్వపరం చేయాలంటే 21(4ఎ) ప్రకారం కోర్టు ఉత్తర్వు కావాలి. ఆఫీసులో ఎవరో ‘ఇక నీ బండి రాదు’ అన్నంత మాత్రాన బండి పోయినట్టు కాదు. వాహనాలను నెలల తరబడి స్టేషన్లలో ఉంచి పాడుచేయొద్దని, ఫొటోలు, పంచనామా తీసుకుని బాండు మీద వదలొచ్చని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న నాగరిక్ సురక్షా సంహిత (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన క్రిమినల్ కేసుల విధాన చట్టం) సెక్షన్ 497 అయితే గడువులే పెట్టింది: వస్తువు కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో వివరాల పట్టిక, ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో ఉత్తర్వు. అసలు కోర్టు ముందే పెట్టకపోతే సెక్షన్ 503 కింద మేజిస్ట్రేటుకు అర్జీ పెట్టుకోవాలి. అధికారం లేనివారు పట్టుకున్నా, నోటీసు, కేసు ఏమీ లేకుండా బండిని అట్టిపెట్టినా హైకోర్టులో రాజ్యాంగం 226 అధికరణ కింద రిట్, అంటే అధికారుల చర్యను సవాలు చేసే పిటిషన్, వేయొచ్చు. అక్కడ చూసేది అధికారి చట్టప్రకారం నడిచాడా లేదా అన్నదే. మీరు నిజంగా ఇసుక దొంగిలించారా అన్నది కింది కోర్టు తేల్చాలి.

జరిమానా కడితే అంతా అయిపోయిందనుకునేవారు మరోటి గమనించండి. గనుల చట్టం నేరం వేరు, దొంగతనం నేరం వేరని సుప్రీంకోర్టు 2014లో సంజయ్ కేసులో చెప్పింది. గనుల శాఖతో రాజీ కుదిరినా దొంగతనం కేసు ఆగదని 2020లో జయంత్ కేసులోనూ అదే అంది. రాజీ రసీదు జేబులో పెట్టుకుని నిశ్చింతగా తిరగొద్దు.

మన సభ్యుడొకరి ట్రాక్టరు సంగతి మీకు తెలిసిందే. పట్టుకున్నది ఒక శాఖ, బండి ఉన్నది ఇంకో శాఖ ఆవరణలో, ఫైలు మూడో చోట. ఎక్కడ అడిగినా పక్క ఆఫీసుకు వెళ్లమనేవారు. ఈలోగా బ్యాటరీ మాయమైంది, ఫైనాన్స్ వాయిదాలు మాత్రం నెలనెలా నడిచాయి. నాయకుల ఇళ్ల చుట్టూ తిరగడం మాన్పించి మేజిస్ట్రేటు కోర్టులో అర్జీ వేయించాం. అమ్మకూడదు, రూపం మార్చకూడదు, పిలిచినప్పుడు తేవాలి అనే షరతులతో బండి బయటికొచ్చింది. పూచీకత్తు పెట్టిన ఇద్దరు సభ్యులకు చప్పట్లు కొట్టండి.

అయితే రాత్రిపూట యంత్రాలతో తవ్వి, బిల్లు లేకుండా తోలేవారి తరఫున సంఘం నిలబడదు. దీనిమీద గట్టిగానే వాదన జరిగింది, తీర్మానం మాత్రం నెగ్గింది. లంక భూములు కోసుకుపోతే పోయేది మన పొలాలే, ఎండేది మన బోర్లే. 5 హెక్టార్లలోపు లీజులకైనా పర్యావరణ అనుమతి ఉండాలని 2012లో దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఊరికే అనలేదు.

జమాఖర్చులు ఆడిటరు చూశారు, కాపీ బల్ల మీద ఉంది. చందా బకాయిలవాళ్లు తమ పేర్లు చూసుకోగలరు. కోశాధికారికి ధన్యవాదాలు.

ఆర్‌సీ, బీమా, వే బిల్లు (ఇసుక రవాణా చీటీ) జిరాక్సులు బండిలోనే ఉంచండి. సీజ్ అయిన రోజే పంచనామా కాపీ అడగండి, ఇవ్వకపోతే రిజిస్టర్డ్ పోస్టులో రాసి అడగండి. కోర్టు పనుల కమిటీలో పేర్లు అయిదు ఉన్నాయి, తిరిగింది ఇద్దరు. మిగతా ముగ్గురి స్థానంలో కొత్త పేర్లు ఈ సభలోనే తేలాలి. భోజనాలు ఆ తర్వాతే.