ఎవరో తలుచుకోవడం కాదురా అది

ఒరేయ్ శీనూ,

నీ వాయిస్ మెసేజ్ రెండుసార్లు విన్నాను. చిన్నోడికి అన్నం తింటుంటే రోజూ పొలమారుతోందని, అమ్మ నెత్తిమీద తట్టి "ఎవరో తలుచుకుంటున్నార్రా నాన్నా" అంటోందని చెప్పావే, అది విన్నాక నిద్రపట్టలేదు. ఈ చలికాలంలోనే రెండుసార్లు నెమ్ము చేసిందన్నావు. ఆ రెండింటికీ కారణం ఒకటే కావచ్చురా.

ఇక్కడ ఇంగ్లండ్‌లో, లీడ్స్‌లో నేను చూసుకునే పెద్దాయనదీ చిన్నోడిలాగే డౌన్ సిండ్రోమే. చేరిన కొత్తలో తెలియక ఆయనకి మామూలు టీ ఇచ్చేశాను. ఒక్కసారి కూడా దగ్గలేదు. కళ్లు చెమర్చాయి, గొంతు నీళ్లు పుక్కిలిస్తున్నట్టు గరగరలాడింది, అంతే. నాతో డ్యూటీలో ఉన్నామె పరుగున వచ్చి కప్పు తీసేసుకుంది. తాగింది దగ్గు రాకుండానే ఊపిరితిత్తుల్లోకి దిగిపోతుందని నాకు అప్పుడే తెలిసింది. ఆ గరగర ఇప్పటికీ చెవిలో ఉంది.

ఇప్పుడు గొంతులోకి మెల్లగా దిగేలా ఆయన టీలో చిక్కబరిచే పొడి కలుపుతాం. 10 ఎం.ఎల్. సిరంజిలో పోసి 10 సెకన్లు కారనిస్తే 4 నుంచి 8 ఎం.ఎల్. మిగలాలి, అదీ లెక్క. ఆ పొడికి తాళం కూడా వేస్తాం. ఒకరు ఒట్టి పొడి మింగి ప్రాణం పోగొట్టుకున్నాక 2015లో ఇంగ్లండ్ అంతా హెచ్చరిక పంపారు.

మనింట్లో ఒంట్లో బాగోకపోతే చారన్నం పెడతాం కదా, మెత్తగా దిగుతుందని. ఇలాంటివాళ్లకి అదే కష్టం. మెతుకులు నమిలేలోపే చారు ముందు జారిపోతుంది. మజ్జిగన్నమూ అంతే. దానికంటే మెత్తటి ముద్దపప్పు నయం. మాటతోపాటు మింగడం కూడా చూసే స్పీచ్ థెరపిస్టుని అడిగి మొన్న పెద్దాయనకి పప్పు జల్లెడపట్టి, నెయ్యి వేసి పెట్టాను. మొదటి చెంచా మింగి నా మణికట్టు పట్టుకున్నాడు, ఇంకోటి పెట్టమని. రుచి తెలియని మనిషి కాదురా ఆయన, గొంతు సహకరించదంతే.

చిన్నోడిని నిటారుగా కూర్చోబెట్టు. నువ్వు ఎదురుగా, వాడి కళ్ల ఎత్తులో కూర్చో. టీవీ ఆపెయ్. చిన్న చెంచాతో పెట్టి, మింగాడని చూశాకే రెండోది. తిన్నాక అరగంట పడుకోనివ్వకు. పొడి మాత్రం నువ్వే కొని కలిపేయకు, ఎంత చిక్కగా ఉండాలో వాడిని చూసినవాళ్లే చెప్పాలి. సికింద్రాబాద్ బోయినపల్లిలో బుద్ధిమాంద్యం ఉన్నవాళ్ల కోసం కేంద్రప్రభుత్వ సంస్థ నీపిడ్ (NIEPID) ఉంది, స్పీచ్ విభాగంలో అడుగు. వెళ్లేటప్పుడు వాడు రోజూ తినే అన్నం, చారు డబ్బాలో పట్టుకెళ్లు. తింటుంటే చూడమను.

ఈలోగా ఒక పూట భోజనం వీడియో తీసి పంపు, తిన్నాక వాడు మాట్లాడేది కూడా వినపడాలి, గొంతులో ఆ గరగర ఉందో లేదో వింటాను.

నీ
రవి