వార్షిక నివేదిక: ఒక ఏడాది మలయాళం చిన్న సినిమాలతో

మన ఫిల్మ్ సొసైటీ సభ్యులందరికీ నమస్కారం.

మలయాళంలో తక్కువ ఖర్చుతో, స్టార్లు లేకుండా తీసిన సినిమాలే ఈ ఏడాదంతా వేద్దామని కిందటి సమావేశంలో అనుకున్నాం. "భాష రాకుండా ఏం చూస్తాం?" అన్నారు కొందరు. న్యాయమైన మాటే. అందుకే ప్రతి ప్రదర్శనకూ ముందు కథాసారం తెలుగులో ఒక పేజీ రాసి పంచాం.

'అమ్మ అరియాన్' (1986)తో మొదలుపెట్టాం. మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం, ఆయన మిత్రులు ఒడెస్సా బృందంగా కూడి ఊరూరా తిరిగారు. చాప్లిన్ 'ది కిడ్' వేసి చూపించి, జనం ఇచ్చిన చందాలతో ఈ సినిమా తీశారు. కథా అలాంటిదే. చనిపోయిన కుర్రాడి తల్లికి కబురు చెప్పాలని ఒకడు బయలుదేరతాడు. దారిలో ఒక్కో మిత్రుడూ కలుస్తాడు. కొచ్చి చేరేసరికి అదొక గుంపు. మన హాల్లో మాత్రం లెక్క తిరగబడింది, విశ్రాంతి తర్వాత సగం కుర్చీలు ఖాళీ! దీంతో మొదలుపెట్టడం కార్యవర్గం పొరపాటే.

'ఫెమినిచ్చి ఫాతిమా'కు హాలు నిండింది. పొన్నానిలో ఒక ఇల్లాలు. పిల్లాడు పక్క తడిపేస్తే పాడైన పరుపు స్థానంలో కొత్తది కావాలంతే. మొగుడుగారికి ఫ్యాను స్విచ్ కూడా ఆవిడే వెయ్యాలి. ఆ రోజు సబ్‌టైటిల్స్ డైలాగులకు అర నిమిషం వెనకబడ్డాయి. మాకు ఒకటే టెన్షన్. మలయాళం వచ్చిన ఒక సభ్యురాలు మైకు తీసుకుని అక్కడికక్కడే తెలుగులో చెప్పుకుంటూ పోయారు. "వచ్చేసారి కూడా అలాగే చెప్పించండి" అని చీటీలు వచ్చాయి. తర్వాత చర్చ సినిమా వదిలేసి ఎవరింట్లో పరుపు ఎవరు ఎండేస్తారన్న దానిమీదకు పోయింది. ఆపాలనిపించలేదు.

'ది గ్రేట్ ఇండియన్ కిచెన్' చాలామంది చూసేశారు కాబట్టి చర్చతో సరిపెట్టాం. పెద్ద ఓటీటీలు కాదంటే 2021 జనవరిలో నీస్ట్రీమ్ అనే చిన్న వేదిక మీద విడుదలైన సినిమా అది.

ఇలాంటి సినిమాలు కేరళలో ఊరికే పుట్టలేదు. తిరువనంతపురంలో చిత్రలేఖ ఫిల్మ్ సొసైటీ 1965లోనే మొదలైంది. 1996 నుంచి కేరళ చిత్రోత్సవం నడుస్తోంది. మహిళా దర్శకుల సినిమాలకు అక్కడి ప్రభుత్వ సంస్థే కోటిన్నర దాకా పెడుతోంది. మన దగ్గర అలాంటి పథకం కావాలని అడుగుతూ వినతిపత్రం రాశాం, సంతకాలకు బల్లమీద ఉంది.

తలుపు దగ్గరి డబ్బాలో పడిన డబ్బు హాలు అద్దెకు సరిపోయింది. ప్రొజెక్టర్ బల్బు మార్చాలి. చందా బాకీ ఉన్నవారు ఈ నెలాఖరులోగా కట్టగలరు.

– కార్యదర్శి