ఈల ఊదని కోచ్

సంపాదకులకు నమస్కారం.

క్రీడల పేజీలో కోచ్‌ల గురించి వచ్చే కథనాలన్నీ జాతీయ జట్లకో, ఐపీఎల్ జట్లకో శిక్షణ ఇచ్చేవారివే. చిన్న కళాశాలల్లో పిల్లలకు ఆట నేర్పుతూ జీవితం గడిపేవారి గురించి కూడా రాయమని, బెంగళూరులో ముప్పై ఏళ్లు వ్యాయామ అధ్యాపకుడిగా పనిచేసిన నేను కోరుతున్నాను. అలాంటివారిలో నేను అందరికన్నా గౌరవించే వ్యక్తి జాన్ గలార్డి.

అమెరికాలోని మినసోటా రాష్ట్రంలో, బెనెడిక్టైన్ అనే క్రైస్తవ సన్యాసులు స్థాపించిన సెయింట్ జాన్స్ విశ్వవిద్యాలయంలో ఆయన 1953 నుంచి 2012 వరకు అమెరికన్ ఫుట్‌బాల్ కోచ్‌గా ఉన్నారు. 1943లో తమ హైస్కూలు కోచ్ యుద్ధానికి వెళ్లిపోతే, పదహారేళ్ల వయసులోనే జట్టు బాధ్యత ఆయన మీద పడింది. కళాశాల స్థాయిలో ఆయన జట్లు గెలిచిన మ్యాచ్‌లు 489. ఇన్ని విజయాలు మరే కళాశాల కోచ్‌కూ లేవు. అదీ చాలావరకు ఆటగాళ్లకు క్రీడా ఉపకార వేతనాలు ఇవ్వని మూడో డివిజన్ స్థాయిలో.

ఎదుటివాణ్ణి ఒడిసిపట్టి నేలకూల్చడమే ప్రాణమైన ఆ ఆటలో, సాధన సమయంలో అలా పడగొట్టడాన్ని ఆయన పూర్తిగా మాన్పించారు. ఈల ఊదేవారు కాదు, శిక్షగా పరుగులు పెట్టించేవారు కాదు, దాహమన్న పిల్లవాడికి నీళ్లు వద్దనేవారు కాదు. తనను కోచ్ అని కాక జాన్ అని పిలవమనేవారు. అమెరికాలో పేరుమోసిన ఐవీ లీగ్ విశ్వవిద్యాలయాలు సీజన్‌లో సాధనప్పుడు పడగొట్టడాన్ని నిషేధించింది 2016లో; ఈయన అంతకు దశాబ్దాల ముందే ఆ పద్ధతిలో గెలిచి చూపించారు.

ఆయన గురించి చదివినప్పుడల్లా నాకు ఒక పిల్లవాడు గుర్తుకొస్తాడు. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో, చింతామణి నుంచి వచ్చిన ఒక తెలుగు కుర్రాడు మా కబడ్డీ జట్టులో కూతకు వెళ్లేవాడు. ఆలస్యంగా వచ్చాడని మే నెల ఎండలో మైదానం చుట్టూ పది రౌండ్లు తిప్పించాను. సాధన మధ్యలో నీళ్లు తాగితే కడుపు బరువెక్కుతుందని మా గురువులు చెప్పిన మాటే పట్టుకుని, చెంబు అందుకోబోయిన వాణ్ణి వారించాను. ఎనిమిదో రౌండులో వాడు సున్నపు గీత మీద మోకాళ్లపై కూలబడ్డాడు. పెదవులు తెల్లగా పిడచకట్టుకుపోయి, చేతులు వణుకుతున్నాయి. వాడు బాగానే కోలుకున్నాడు గానీ, మళ్లీ కబడ్డీ మైదానంలో అడుగుపెట్టలేదు. ఆ తప్పు నాది.

అయ్యా, ఈ నగరంలోని మైదానాల్లో ఇప్పటికీ అలాంటి పరుగులు నా కంటపడుతూనే ఉన్నాయి. వేసవి శిబిరాలు మొదలయ్యేలోగా గలార్డి పద్ధతులపై వివరమైన కథనం ప్రచురించండి. శిబిరాలు నడిపేవారు ఎండ ముదరకముందే సాధన ముగించి, పిల్లలకు అడిగినప్పుడల్లా నీళ్లు ఇవ్వాలని మీ పత్రిక ద్వారా విన్నవించుకుంటున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత వ్యాయామ అధ్యాపకుడు,
మారతహళ్లి, బెంగళూరు.