ముప్పు ముంచుకొచ్చే ముందే కెమెరా చేరాలి: యునెస్కో డైరెక్టర్ జనరల్‌కు బహిరంగ లేఖ

యునెస్కో డైరెక్టర్ జనరల్ గారికి నమస్కారం.

అఫ్గానిస్తాన్‌లోని బామియాన్ లోయలో కొండకు చెక్కిన బుద్ధ విగ్రహాలను తాలిబన్లు 2001 మార్చిలో పేల్చేశారు. ఆ లోయ ప్రపంచ వారసత్వ జాబితాకెక్కింది 2003లో. ప్రమాదంలో ఉన్న వాటి జాబితాలో చేర్చిందీ అప్పుడే. అప్పటికి కొండకు మిగిలినవి ఖాళీ గూళ్లే. సిరియాలోని పురాతన నగరం పల్మైరాను 2013లోనే ప్రమాద జాబితాలో పెట్టారు, అయినా 2015 ఆగస్టులో అక్కడి బేల్ ఆలయం నేలమట్టమైంది. మీ జాబితా కోసం ఆగకుండా ముందే రికార్డు చేయించండని అడగడానికే ఈ లేఖ.

బామియాన్ పెద్ద విగ్రహం రూపం ఈరోజు కొలతలతో సహా మన దగ్గరుందంటే, 1970లో ఆస్ట్రియా ప్రొఫెసర్ రాబర్ట్ కోస్ట్కా తీసిన ఫొటోల పుణ్యమే. స్విట్జర్లాండ్‌లోని జ్యూరిచ్‌లో ఉన్న ఈటీహెచ్ సాంకేతిక విశ్వవిద్యాలయం పరిశోధకులు త్రీడీ నమూనా కోసం పర్యాటకుల ఫొటోలు, ఇంటర్నెట్‌లో దొరికినవి కూడా వాడి చూశారు. బుద్ధుడి చీవరం (వస్త్రం) మడతల దాకా పట్టిచ్చినవి మాత్రం, కొలతల కోసమే తీసిన కోస్ట్కా ఫొటోలు.

కాబట్టి అందంగా నాలుగు ఫొటోలు తీస్తే సరిపోదు. స్కేలు, రంగుల కార్డు పక్కన పెట్టి, ఒక ఫొటోలో ఉన్నది తర్వాతి ఫొటోలోనూ సగానికి పైగా పడేలా వరుసగా తీయాలి. అరిగిపోయిన శాసనాన్ని మిట్టమధ్యాహ్నం తీస్తే ఉత్త బండరాయే కనిపిస్తుంది. లైటును పక్క నుంచి, దాదాపు రాతిని ఆనుకునేంత వాలుగా వేస్తే గాట్లలో నీడ నిలిచి అక్షరం పైకి తేలుతుంది. వైపు మార్చి మళ్లీ వేస్తే, ఇందాక కనిపించని కొమ్ము కనిపిస్తుంది. చాలా ఓపిక కావాల్సిన పని ఇది. బాంబులు పడుతుంటేనో, రిజర్వాయర్ నిండుతుంటేనో చేయగలిగేది కాదు.

వీడియో కూడా అంతే ముఖ్యం. ఏ గోడ ఎప్పుడు కూలింది, ఏ రాయిని ఎక్కడి నుంచి తెచ్చి పెట్టారు అన్నది చాలాసార్లు చుట్టుపక్కల ఊళ్ల పెద్దలకే తెలుసు. వాళ్లను అక్కడికే తీసుకెళ్లి, చూపిస్తూ చెప్పమని అడిగి షూట్ చేయాలి.

ఇది మీ సంస్థకు కొత్త కాదు. ఈజిప్టు దక్షిణాన ఉన్న నూబియా ప్రాంతపు పురాతన కట్టడాలు అస్వాన్ హై డ్యామ్ నీళ్లలో మునగకముందే, 1955లో, వాటిని రికార్డు చేయడానికి కైరోలో ఒక కేంద్రం పెట్టడానికి సాయం చేశారు. అక్కడి అబూ సింబెల్ ఆలయాలను ఎత్తుకి తరలించిన సంగతి అందరికీ గుర్తుంది, ఈ పని మాత్రం ఎవరికీ గుర్తు లేదు. మన నాగార్జునకొండలోనూ 1954 నుంచి 1960 దాకా తవ్వి, నమోదు చేశాకే లోయను నీటికి వదిలారు.

సభ్య దేశాల తాత్కాలిక జాబితాల్లో, అంటే ముందుముందు ప్రపంచ వారసత్వానికి ప్రతిపాదించాలనుకునే వాటి జాబితాల్లో ఉన్న స్థలాలతో మొదలుపెట్టండి. డబ్బు నామినేషన్ దాకా ఆపకుండా ముందే ఇవ్వండి. బయటి టీములు వచ్చి వెళ్లిపోవడంతో సరిపెట్టకుండా అక్కడి కుర్రాళ్లకు నేర్పించి, కెమెరాలు వాళ్ల దగ్గరే ఉంచండి. ఒరిజినల్ ఫైళ్లు కనీసం రెండు దేశాల్లో భద్రపరిచి, పరిశోధకులకూ స్థానికులకూ ఉచితంగా తెరవండి. దొంగల బెడద ఉన్నచోట మాత్రం కచ్చితమైన లొకేషన్ బయటపెట్టొద్దు. ఆ ఫొటోలే రేపు ఎక్కడో వేలంలో తేలిన శిల్పం ఎవరిదో నిరూపించే సాక్ష్యాలవుతాయి.

ఇట్లు,
పాత కట్టడాలను ఫొటోలు తీసే ఒక ఫొటోగ్రాఫర్