ఆఫీసు మెయిల్ మూతపడేలోపు

ఒరేయ్ మామా,

నీ మెసేజ్ చదివాను. కొత్త ఉద్యోగం వచ్చిందన్న కబురు ఒక్క ముక్కలో తేల్చేసి, మిగతా పది లైన్లూ గేమ్ అకౌంట్ గురించే రాశావు, దానికిచ్చిన ఆఫీసు మెయిల్ మూతపడేలోపు ఎలా మార్చాలని. నువ్వేం మారలేదన్నమాట, సంతోషం. ఫోన్ చేసి చెబుదామనుకున్నాను గానీ, ఫోన్‌లో నువ్వు సగం విని మిగతా సగానికి "సరే సరే" అంటావు. ఇది సగం వింటే పని జరిగే విషయం కాదు. అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నాను.

ముందు ఒక తిట్టు తిట్టనీ. ఏడేళ్లుగా ఆడుతున్న అకౌంట్‌ని ఆఫీసు మెయిల్‌తో తెరుస్తారట్రా ఎవరైనా? "ఆ రోజు బ్రౌజర్‌లో అదే తెరిచి ఉంది" అంటున్నావు. ఇలాంటి పనులకి అంతకంటే పెద్ద కారణాలు ఉండవులే. నాది మాత్రం ఏం ఘనకార్యం? నాకు అప్పట్లో సొంత మెయిల్ లేక అన్నయ్యది పెట్టేశాను. పన్నెండేళ్ల పాటు నా రసీదులు, నా కోడ్‌లు అన్నీ వాడి ఇన్‌బాక్సులోకే పోయాయి. ఆ కథ కింద చెబుతాను, ఆగు.

నీ మొదటి భయం తీర్చేస్తాను. మెయిల్ మారిస్తే లెవెల్ పోదు, స్కిన్స్ (ఆటలో వస్తువులకి, బొమ్మలకి వేసే వేషాలు) పోవు, ఫ్రెండ్స్ లిస్టు పోదు. లోపల వాళ్లు నిన్ను గుర్తుపట్టేది మెయిల్‌తో కాదు, ఒక నంబరుతో. గేములు అమ్మే స్టీమ్‌లో అయితే ఆ నంబరు బయటికి కూడా కనిపిస్తుంది. కొందరి ప్రొఫైల్ లింకు చివర 7656119తో మొదలయ్యే 17 అంకెలుంటాయి చూడు, అదే. కొన్న గేములు, ఆడిన గంటలు అన్నీ ఆ నంబరుకి అంటుకుని ఉంటాయి. మెయిల్ దాని పక్కన రాసి పెట్టుకున్న చిరునామా, అంతే. ఆటలో అందరికీ కనిపించే పేరు మళ్లీ వేరు. స్టీమ్‌లో ఇంకో తమాషా ఉంది. లాగిన్‌కి వాడే అకౌంట్ పేరు అసలు మారదు. తొలి రోజుల్లో మెయిల్ చిరునామానే అకౌంట్ పేరుగా పెట్టుకున్నవాళ్లు, ఆ మెయిల్ ఎప్పుడో చచ్చిపోయినా లాగిన్ అవ్వడానికి ఇప్పటికీ దాన్నే టైప్ చేస్తారు.

అయితే "అంతే" అన్నాను కదా అని తేలిగ్గా తీసుకోకు. పాస్‌వర్డ్ మర్చిపోయాను అని నొక్కితే లింకు ఎక్కడికి పోతుంది? ఆ చిరునామాకే. కొత్త కంప్యూటర్‌లో లాగిన్ అయితే కోడ్ ఎక్కడికి? అక్కడికే. పాస్‌వర్డ్ నీ ఒక్కడికే తెలిసినా, మెయిల్ ఎవరి చేతిలో ఉంటే చివరికి అకౌంట్ వాళ్లదే. నీ ఆఖరి రోజు సాయంత్రం ఆఫీసులో ఐటీవాళ్లు నీ మెయిల్ ఆపేస్తారు. వాళ్లకి నీ మీద కోపమేం లేదు, అది వాళ్ల రోజువారీ పని. నీ పేరే ఉన్న ఇంకొకడు రెండేళ్ల తర్వాత అక్కడ చేరాడనుకో, అదే చిరునామా వాడికి ఇచ్చినా ఇవ్వొచ్చు. ఊరికే భయపెడుతున్నాననుకోకు. 2013లో యాహూ ఏడాదికి పైగా ఎవరూ వాడని మెయిల్ ఐడీలని తీసి, అడిగినవాళ్లకి ఇచ్చింది. పాత ఓనర్ల మెయిళ్లు కొత్తవాళ్లకి వచ్చి పడుతున్నాయని అప్పట్లో పెద్ద గొడవే అయింది. గూగుల్ అలా వేరేవాళ్లకి ఇవ్వదు గానీ, రెండేళ్లు ముట్టుకోని సొంత అకౌంట్లని తీసేస్తామని 2023లో చెప్పి, ఆ డిసెంబర్ నుంచి మొదలుపెట్టింది కూడా. అంటే కొత్తగా పెట్టే మెయిల్ కూడా నువ్వు రోజూ తెరిచేదే అయ్యుండాలి. "గేములకి మాత్రమే" అని ఒకటి విడిగా తెరిచి మర్చిపోయేవాళ్లని చాలామందిని చూశాను.

ఇక అసలు పని. ఇది ఆఫీసు మెయిల్ బతికి ఉండగా అయితే పది నిమిషాలు, చచ్చాక అయితే పది రోజులు. ఎందుకంటే దాదాపు అందరూ ముందు పాత మెయిల్‌కే కోడ్ పంపుతారు. ఎపిక్ గేమ్స్ సైటులో చూశావా, మెయిల్ పక్కన ఉన్న పెన్సిల్ బొమ్మ నొక్కితే, పాత చిరునామాకి వచ్చిన కోడ్ వేస్తేనే కొత్తది రాయనిస్తుంది. ఆ తర్వాత కొత్త మెయిల్‌కి ఇంకోటి పంపి, అది నీదేనని రుజువు చేయమంటుంది. అలా రెండు చివర్లా అడిగే పద్ధతే మంచిది, విసుక్కోకు. కొత్త చిరునామాలో ఒక అక్షరం తప్పు కొట్టినా అక్కడే తెలిసిపోతుంది. నువ్వు రోజూ ఆడే కంప్యూటర్ నుంచే చెయ్యి. కొత్త చోటి నుంచి, కొత్త ఫోన్ నుంచి చేస్తే వాళ్లకి అనుమానం వస్తుంది.

ఎక్స్‌బాక్స్, మైన్‌క్రాఫ్ట్ రెండూ మైక్రోసాఫ్ట్ అకౌంటే కాబట్టి వాటికి దారి వేరు. అక్కడ పాతది చెరిపి కొత్తది రాయడం కాదు. కొత్త మెయిల్‌ని రెండో పేరుగా చేర్చి, దాన్ని ప్రైమరీ చేసి, ఆ తర్వాత పాతది తీసెయ్యాలి. తొందరపడి ఫోన్ నంబరు, పాత మెయిల్ లాంటి సెక్యూరిటీ వివరాలన్నీ ఒకేసారి తీసేసి కొత్తవి పెట్టావంటే మాత్రం 30 రోజులు ఆగమంటుంది. ఒక్కటన్నా పాతది ఉంచి మిగతావి మార్చు. మైన్‌క్రాఫ్ట్ అనగానే గుర్తొచ్చింది. మైన్‌క్రాఫ్ట్ తయారుచేసిన మోజాంగ్ కంపెనీ పాత అకౌంట్లని మైక్రోసాఫ్ట్‌కి మార్చుకోవడానికి 2023 సెప్టెంబర్ 19 ఆఖరి గడువు పెట్టారు. అది గుర్తు చేస్తూ వచ్చిన మెయిళ్లు ఎవరూ తెరవని ఎన్ని ఇన్‌బాక్సుల్లో పడి ఉన్నాయో!

ఒక్కటి చూసుకో. నువ్వు లాగిన్ అయ్యేది పాస్‌వర్డ్ కొట్టా, లేక "గూగుల్‌తో సైన్ ఇన్" బటన్ నొక్కా? ఆ బటన్ వెనక ఉన్నది ఆఫీసు అకౌంటే అయితే, సెట్టింగ్స్‌లో మెయిల్ మార్చినా బటన్ మారదు. ముందు అకౌంట్‌కి సొంత పాస్‌వర్డ్ పెట్టి, దాంతో ఒకసారి లాగిన్ అయి చూసి, అప్పుడు ఆ లింకు తెంచు.

సరే, నా కథ. నా మెయిల్ మార్చిన రాత్రి అన్నయ్య వాళ్లింట్లో వాడు, మా ఇంట్లో నేను. పదకొండైంది. వాడికి నిద్రొస్తోంది.

"కోడ్ వచ్చిందా?"

"వచ్చింది. నాలుగు, తొమ్మిది, ఒకటి, ఒకటి, మూడు, ఎనిమిది."

కొట్టాను. తప్పంది. మళ్లీ పంపమని నొక్కాను. "ఇప్పుడు చెప్పు."

"నాలుగు, తొమ్మిది, ఒకటి..."

"మళ్లీ అదేనా?"

"ఇక్కడ అదే ఉందిరా. నేనేమైనా సొంతంగా కల్పించి చెబుతున్నానా?"

మూడోసారి కూడా నాలుగు, తొమ్మిదే. నాలుగోసారికి సైటువాళ్లు "ఎక్కువసార్లు ప్రయత్నించారు, తర్వాత రండి" అని తలుపు వేసేశారు. తీరా చూస్తే జరిగిందేమిటంటే, ఒకే సబ్జెక్టుతో వచ్చిన మెయిళ్లన్నిటినీ వాడి ఫోన్ ఒకే కట్టగా చూపిస్తోంది. వాడు పైనున్న మొదటిదే చదువుతున్నాడు. కొత్తవన్నీ దాని కింద వరసగా పడి ఉన్నాయి. కొత్త కోడ్ అడగగానే పాతది పనికిరాకుండా పోతుంది కదా. నీ మెయిల్ నువ్వే చూస్తావు కాబట్టి ఇంత రభస ఉండదులే. అయినా మళ్లీ పంపు, మళ్లీ పంపు అని నొక్కకుండా రెండు నిమిషాలు ఓపిక పట్టు. స్పామ్‌లో కూడా చూడు. ఆఫీసు మెయిళ్లకి ఫిల్టర్లు ఎక్కువ, గేమువాళ్ల మెయిల్‌ని లోపలికే రానివ్వకపోవచ్చు.

మర్నాడు పని పూర్తయింది. కొత్త మెయిల్ పడింది, నేను హాయిగా ఒక మ్యాచ్ కూడా ఆడాను. అక్కడితో అయిపోతే ఈ ఉత్తరంలో సగం ఉండేది కాదు. మెయిల్ మారినప్పుడు పాత చిరునామాకి ఒక హెచ్చరిక పంపుతారు, "మీ అకౌంట్ మెయిల్ మారింది, ఇది మీరు కాకపోతే ఇక్కడ నొక్కండి" అని. దొంగ ఎవడైనా మార్చేస్తే అసలువాడికి తెలియాలని. అది అన్నయ్యకి వెళ్లింది. వాడు చదివాడు, బాగా ఆలోచించాడు. మార్చింది వాడు కాదు కదా! నిజాయితీగా "ఇది నేను కాదు" నొక్కేశాడు.

మ్యాచ్ మధ్యలో నన్ను బయటికి తోసేశారు. అకౌంట్ లాక్.

నేను ఫోన్ చేసి అరిస్తే వాడు, "నీ మంచికే కదరా నొక్కాను" అన్నాడు. వాడిని తప్పుపట్టడానికీ లేదు, గేమువాళ్లనీ తప్పుపట్టడానికీ లేదు. అందరూ తమ పని సరిగ్గానే చేశారు, మునిగింది మాత్రం నేను. సపోర్ట్‌కి టికెట్ పెడితే అకౌంట్ ఎప్పుడు తెరిచావు, మొట్టమొదట ఏం కొన్నావు, దాని రసీదు నంబరు ఎంత, ఏ కార్డుతో కట్టావు, చివరి నాలుగంకెలు ఏంటి అని అడిగారు. రసీదు మళ్లీ అన్నయ్య మెయిల్లోనే. పన్నెండేళ్ల ఇన్‌బాక్సులో దాన్ని వెతికించడానికి వాడిని ఎంత బతిమాలానో నాకే తెలుసు. ఆరు రోజులకి తెరిచారు.

అందుకే చెబుతున్నాను, మెయిల్ మార్చే ముందే నీ ఆఫీసు ఇన్‌బాక్సులో ఆ గేమ్ పేరు కొట్టి వెతుకు. అకౌంట్ తెరిచినప్పుడు వచ్చిన మొదటి మెయిల్, మొదటి కొనుగోలు రసీదు, ఈ రెండూ ఎలాగైనా దాచుకో. ఆఫీసు మెయిల్ నుంచి బయటికి ఫార్వర్డ్ చేయనివ్వకపోతే తేదీ, రసీదు నంబరు కాగితం మీద రాసుకో. అకౌంట్ నీదని రుజువు చేయాల్సిన రోజు వస్తే నీ ర్యాంకు ఎంతో ఎవరూ అడగరు, ఆ రసీదే అడుగుతారు.

నీ మెసేజ్‌లో ఇంకో మాట చదివి నాకు నిజంగా టెన్షన్ వచ్చింది. ఆఫీసువాళ్లిచ్చిన ఫోన్ కూడా తిరిగి ఇచ్చెయ్యాలన్నావు. నీ ఆథెంటికేటర్ యాప్ ఉన్నది అందులోనే కదరా! లాగిన్‌కి అడిగే, 30 సెకన్లకోసారి మారే ఆ కోడ్‌లు మెయిల్‌తో సంబంధం లేకుండా ఫోన్‌లోనే పుడతాయి. మెయిల్ చక్కగా మార్చుకుని, ఫోన్ చెరిపేసి ఇచ్చేశావనుకో, కొత్త మెయిల్ ఉండి కూడా గుమ్మం బయటే నిలబడతావు. కాబట్టి ముందు నీ సొంత ఫోన్‌లోకి ఆథెంటికేటర్ మార్చు, తర్వాత మెయిల్. స్టీమ్‌లో అయితే రికవరీ కోడ్ ఒకటి ఇస్తారు, ఆర్ అక్షరంతో మొదలై ఐదంకెలుంటాయి. దాన్ని స్క్రీన్‌షాట్ తీసి అదే ఫోన్‌లో పెట్టుకోకు, నువ్వు చేసేదదే. ఆథెంటికేటర్‌ని మొత్తానికి తీసేసి తర్వాత పెట్టుకుందాంలే అని కూడా అనుకోకు. అది లేకపోతే స్టీమ్‌లో ట్రేడ్ చేసిన వస్తువు 15 రోజుల దాకా ఆగిపోతుంది. నీ కత్తి స్కిన్ బేరం ఏదో నడుస్తోందన్నావు కదా, అందుకని.

ఈ గొడవలో ఉన్నప్పుడే "మీ మెయిల్ మార్పు ఆగిపోయింది, ఇక్కడ లాగిన్ అవ్వండి" అని దొంగ మెయిల్ ఒకటి వస్తే ఎంత తెలివైనవాడైనా నొక్కేస్తాడు. మెయిల్లోని లింకుల జోలికి పోకుండా నువ్వే సైటు తెరిచి చూసుకో. గేమర్లు మాట్లాడుకునే డిస్కార్డ్ యాప్‌లో "నేను సపోర్ట్ నుంచి మాట్లాడుతున్నా" అని వచ్చేవాడిని మాట కూడా ఆడకుండా బ్లాక్ చెయ్యి.

మీ మేనల్లుడు ఎవరో అమ్ముతున్న అకౌంట్ కొంటానంటున్నాడని కూడా రాశావు. వద్దని చెప్పు. అమ్మడమే రూల్స్‌కి విరుద్ధం, అది అటుంచు. డబ్బు తీసుకుని మెయిల్ మార్చి ఇచ్చినవాడు నెల తర్వాత అదే మొదటి రసీదు పట్టుకుని సపోర్ట్‌కి వెళ్తే అకౌంట్ మళ్లీ వాడిదే. నా ఆరు రోజుల బాధ వాడికి ఒక వ్యాపారం.

మొత్తానికి ఈ శనివారం కూర్చో. ఫోన్, రసీదులు, మెయిల్, ఈ వరసలో. అయ్యాక ఒకసారి పూర్తిగా లాగౌట్ అయి, కొత్త మెయిల్‌తో పాస్‌వర్డ్ రీసెట్ పెట్టి చూడు. లింకు కొత్తదానికి వస్తే పని అయినట్టే. అప్పుడు ఇన్వైట్ పంపు, నేను ఆన్‌లైన్‌లోనే ఉంటాను.

అన్నయ్యకి ఆ గేమువాళ్ల ఆఫర్ మెయిళ్లు ఇంకా వస్తూనే ఉన్నాయి. మొన్న ఒకటి నాకు ఫార్వర్డ్ చేసి అడిగాడు, "ఇది నొక్కొచ్చా?" అని.

ఇట్లు,
నీ పాత టీమ్‌మేట్