వార్షిక నివేదిక: మన ఊహాలోకంలో మౌనదినాలు

సభ్యులందరికీ నమస్కారం.

మనమంతా కలిసి అల్లుకుంటున్న లోకానికి సంబంధించి ఈ ఏడాది జరిగిన పనుల నివేదిక ఇది. కథల సంకలనం, మ్యాపు సవరణ, కొత్త సభ్యుల చేరిక అన్నీ ఉన్నాయి గానీ, ఏడాదిలో ఎక్కువ భాగాన్ని ఒక్క విషయమే మింగేసింది. అది మౌనదినాలు.

కొత్తవారి కోసం క్లుప్తంగా చెప్తాను. మన లోకంలో ఏటా ఆకాశసర్పం కుబుసం విడుస్తుంది. కొత్త చర్మం గట్టిపడేదాకా కింద ఎవరు మాట్లాడినా ఆ మాట దాని ఒంటి మీద గీతలా పడిపోతుందని జనం నమ్మకం. కాబట్టి వీధిలో ఎవరూ నోరు విప్పరు. గుడి గంటల నాలుకలు ఊడదీసి నూనెగుడ్డల్లో చుట్టి దాచేస్తారు. పోయినేడు దాకా మన దగ్గర ఉన్నది ఇంతే. వినడానికి బాగానే ఉండేది, కథ రాయబోతే మాత్రం రెండో పేజీలోనే చిక్కు వచ్చిపడేది. చీకట్లో వచ్చే పడవకు రేవు ఎక్కడుందో ఎవరు చెప్పాలి? పురిటి నొప్పులు పడే మనిషి ఏం చేయాలి?

అందుకని నిజంగా ఉన్న ఆచారాలను చదివి రమ్మని అధ్యయన బృందాన్ని కోరాం. బాగా పనికొచ్చింది బాలి హిందువుల న్యేపి. అది వాళ్ల శక సంవత్సరాది. 2023లో మన ఉగాది, వాళ్ల న్యేపి ఒకే రోజు, మార్చి 22న వచ్చాయి. ఆ రోజు నిప్పు, పని, ప్రయాణం, వినోదం నాలుగూ నిషిద్ధం. ద్వీపంలోని విమానాశ్రయాన్ని 24 గంటలు మూసేస్తారు. 2018 నుంచి మొబైల్ ఇంటర్నెట్ కూడా ఆపుతున్నారు. అంత కట్టుదిట్టంలోనూ ఆసుపత్రులు నడుస్తాయి. పెచలాంగ్ అనే కాపలాదారులు వీధుల్లో తిరుగుతూ ఉంటారు. అంతకుముందు సాయంత్రమేమో ఓగో-ఓగో అనే భూతాల బొమ్మలు ఊరేగిస్తూ చెవులు చిల్లులు పడేంత గోల. ఇది చదివాక మన లోపం ఏమిటో తెలిసొచ్చింది. మన మౌనానికి కాపలా లేదు, మినహాయింపు లేదు, ముందురోజు గోల అసలే లేదు. ఇప్పుడు మూడూ చేర్చాం.

పడవల చిక్కు విప్పింది కేథలిక్ ఆచారం. ఈస్టర్‌కు ముందు గురువారం నుంచి ఈస్టర్ జాగరణ దాకా చర్చి గంటలు మోగవు, వాటి బదులు కొన్నిచోట్ల చెక్క గిలకలు వాడతారు. మన రేవులోనూ ఇకపై చెక్క మీద చెక్క కొడతారు. చెట్టు చప్పుడు సర్పాన్ని గాయపరచదని ఒక నమ్మకం కల్పించాం. సంతలో బేరాలకు ఫ్రాన్స్‌లోని క్లూనీ అనే క్రైస్తవ మఠం దారి చూపింది. అక్కడి సన్యాసులు పదో శతాబ్దంలోనే మౌన సమయాల కోసం సైగలు ఏర్పరచుకున్నారు. చేపకు సైగ, నీళ్లలో తోక ఆడినట్టు చెయ్యి ఆడించడం. మన బెస్తవాళ్లు దాన్నే వాడతారు, కాకపోతే చేప కుళ్లిందని చెప్పాలంటే వేళ్లు వేలాడేసి ఆడిస్తారు. ఈ చేర్పు ఎవరిదో గానీ సమావేశంలో అందరూ పడీపడీ నవ్వారు.

అసలు రగడ రోజుల లెక్క దగ్గర వచ్చింది. పాతవారు పదిహేను రోజులే ఉండాలన్నారు. 1919 నవంబర్ 11న బ్రిటన్ మొదటిసారి యుద్ధమృతుల కోసం మౌనం పాటించినప్పుడు అది రెండే నిమిషాలనీ, అందరూ ఒకేసారి ఆగిపోవడం వల్లే దానికంత బరువు వచ్చిందనీ అవతలివాళ్ల వాదన. చివరికి మూడు రోజులకు ఒప్పుకున్నారు. నా మటుకు ఇదే సరైన నిర్ణయం. పదిహేను రోజుల మౌనాన్ని కూలి చేసుకు బతికేవాడు భరించలేడు, భరించగలిగేది కోటలో కూర్చున్నవాడే. గాంధీగారి సోమవారం మౌనంలా చీటీలు రాసుకుని ఒక సమావేశం జరుపుదామని కూడా చూశాం. కోపం పెరిగేకొద్దీ అక్షరాలు పెద్దవయ్యాయి, చీటీలు చాలలేదు.

పురిటి విషయంలో నర్సుగా పనిచేసే సభ్యురాలి మాటే నెగ్గింది. తల్లి నోట్లో గుడ్డ కుక్కే ఆచారం మన లోకంలో వద్దని ఆవిడ గట్టిగా చెప్పారు. ఇప్పుడున్న పద్ధతి ఇది: నొప్పులు మొదలవగానే వీధి ఆడవాళ్లంతా ఆ ఇంటి చుట్టూ చేరి చేటలు వాయిస్తూ గొంతెత్తి అరుస్తారు. గీత పడితే అందరి పేరునా పడుతుంది, ఎవరి గొంతో పోల్చే దారే ఉండదు.

నియమాలు కుదిరాక కథలు వాటంతటవే వచ్చాయి. సంకలనంలో అందరికీ నచ్చింది పారిపోయిన బానిస పిల్ల కథ. మౌనదినాల మొదటి తెల్లవారుజామున ఆ పిల్ల యజమాని కళ్లెదుటే గేటు దాటుతుంది. "పట్టుకోండి" అని అరిస్తే ఊరంతా అతన్నే వెలివేస్తుంది. గుమ్మంలో నిలబడి చెక్క గిలక కొడుతుంటాడు, పడవ వచ్చిందేమోనని రేవు జనం అటు పరుగెడతారు. పిల్ల ఆ గుంపులోనే కలిసిపోతుంది.

మిగతావి: ఖాతాలు తనిఖీ అయ్యాయి, తేడాలు లేవు. చందా పెంచడం లేదు. మ్యాపులో ఉత్తర దీవుల సవరణ మాత్రం అలాగే ఉండిపోయింది.

వచ్చే ఏడాదికి తేలని అంశాలు రెండున్నాయి. మౌనం ముగిశాక మొదటి మాట ఎవరు పలకాలి? పూజారి అని కొందరు, ఊళ్లో అందరికన్నా చిన్నపిల్ల అని కొందరు. రెండోది, పరదేశి నావికులకు నియమం వర్తిస్తుందా లేదా. ప్రతిపాదనలు సర్వసభ్య సమావేశానికి ముందే రాసి పంపండి, అక్కడికక్కడ లేవనెత్తితే మళ్లీ తెల్లారిపోతుంది. మ్యాపు పని చూసుకోవడానికి ఇద్దరు కావాలి, ఓపికున్నవాళ్లు పేరివ్వండి.

ఇట్లు,
కార్యదర్శి