రోడ్డు విస్తరణ కేసు గురించి మా ముద్రణాలయం ఖాతాదారులకు

గౌరవనీయులైన ఖాతాదారులకు నమస్కారం.

రోడ్డు విస్తరణలో మా ముద్రణాలయం ఉన్న భవనం ముందు భాగాన్ని తీసుకుంటున్నారని, మేము కోర్టును ఆశ్రయించామని మీకు తెలుసు. అప్పటి నుంచి మీలో చాలామంది అడుగుతున్న ప్రశ్న ఒక్కటే: "పరిహారం ఇచ్చారు కదా, ఇంకా కేసు దేనికి?" అడగవలసిన ప్రశ్నే కనుక ఉన్నది ఉన్నట్లు చెబుతున్నాను.

మేము ఈ భవనంలో అద్దెకు ఉంటున్నాము. పరిహారం స్థలానికీ కట్టడానికీ లెక్కగట్టారు. అది భవన యజమానికి చేరింది, న్యాయంగా చేరవలసినదే. మాకు కాగితం నిల్వలు, బీరువాలు, బల్లలు తరలించుకోవడానికి కొద్ది మొత్తం ఇచ్చారు. ఆఫ్‌సెట్ యంత్రం మాత్రం ఏ లెక్కలోకీ రాలేదు. కాంక్రీటు దిమ్మె మీద బోల్టులతో బిగించిన యంత్రం కనుక, దానిని కట్టడంలో భాగమంటే దాని విలువ ఆ కట్టడపు లెక్కలో చేరాలి, కదిలే సామానంటే తరలింపు ఖర్చు మాకు రావాలి. కట్టడం విలువ కట్టినప్పుడు దానిని సామానుగా వదిలేసి, మేము తరలింపు ఖర్చు అడిగినప్పుడు కట్టడంలో భాగమన్నారు. యంత్రాన్ని విప్పి, కొత్త చోట దిమ్మె పోసి, అది గట్టిపడేదాకా ఆగి, లెవెల్ చూసి బిగించి, రంగు మీద రంగు సరిగ్గా కూర్చునేవరకు కాగితం వృథా చేసుకుంటూ సరిచూసుకోవాలి. అన్ని రోజులూ అచ్చుపని ఉండదు, పనివారి జీతాలు మాత్రం ఇవ్వవలసిందే.

మేము అడుగుతున్నది కొత్త సంగతి కాదు. భారతదేశపు 2013 నాటి భూసేకరణ చట్టంలోని 28వ సెక్షన్, వ్యాపారస్థలం మార్చుకోవలసి వచ్చినవారికి అందుకయ్యే సమంజసమైన ఖర్చులనూ, భూసేకరణ ప్రకటన వెలువడిన నాటి నుంచి స్వాధీనం చేసుకునే నాటి వరకు భూమి మీద తగ్గిన లాభాన్నీ పరిగణనలోకి తీసుకోమంటుంది. అమెరికాలో 1970 నాటి చట్టం, కేంద్ర ప్రభుత్వ నిధులతో జరిగే పనులలో, అద్దెకున్న వ్యాపారులకు కూడా తరలింపు ఖర్చులు ఇప్పిస్తుంది. కాలిఫోర్నియా రాష్ట్రంలోనైతే పోయిన గుడ్‌విల్‌కు, అంటే ఆ చోట సంపాదించుకున్న వ్యాపార పరపతికి కూడా పరిహారం కోరవచ్చు. అయితే చోటు మార్చుకున్నా ఆ నష్టం తప్పేది కాదని వ్యాపారే రుజువు చేసుకోవాలి.

ఆ రుజువు దగ్గరే మా వంటి చిన్నవారికి కష్టం. విజిటింగ్ కార్డులు, బిల్లు పుస్తకాలు, కరపత్రాల వంటి చిల్లర పనులను మేము చిట్టాలో రాసుకున్నామే గాని, అన్నింటికీ రసీదులు ఇవ్వలేదు. ఎదుటి పక్షం న్యాయవాది దానినే పట్టుకున్నారు. అది మా తప్పు. ఇంకొక తప్పు కూడా జరిగింది. మొదటి నోటీసు యజమాని పేరున వస్తే, అది ఆయన వ్యవహారమని ఊరుకున్నాము, ఈలోగా అభ్యంతరాలు తెలిపే గడువు దాటిపోయింది. ఇచ్చిన కొద్ది మొత్తాన్ని మాత్రం, మా న్యాయవాది సలహా మీద, అభ్యంతరంతో స్వీకరిస్తున్నట్లు రాసి సంతకం చేశాము. అలా రాయకుండా తీసుకున్నవారు తరువాత ఎక్కువ కోరే హక్కును కోల్పోయే ప్రమాదం ఉంది. నేను పైన చెప్పిన భారతదేశపు చట్టంలో ఆ నిబంధన స్పష్టంగానే ఉంది. ఇటువంటి నోటీసు అందుకున్న అద్దెదారులు మీలో ఎవరైనా ఉంటే, యజమాని చూసుకుంటారులే అనుకోకండి.

కూల్చివేతపై స్టే ఇవ్వడానికి కోర్టు నిరాకరించింది. మేము రోడ్డును ఆపమని గట్టిగా అడగనూ లేదు, ఆ రోడ్డు ఇరుకన్నది మాకూ తెలుసు. యంత్రం విషయం తేల్చడానికి ఒక విలువ నిర్ధారకుని నియమించారు, ఆయన నివేదిక రావలసి ఉంది.

కాబట్టి యంత్రం ఆగే రోజులలో కొత్త పనులు ఒప్పుకోము. అడ్వాన్సు ఇచ్చినవారు కోరితే మొత్తం తిరిగి ఇస్తాము. మీ డిజైన్లు, ప్లేట్లు భద్రంగా ఉన్నాయి, ఎప్పుడైనా తీసుకువెళ్లవచ్చు. మాదొక విన్నపం: గతంలో మేము ఇచ్చిన బిల్లులు, రసీదులు మీ దగ్గర ఉంటే దయచేసి వాటి నకళ్లు ఇవ్వండి. ఎంత చిన్న పనికి చెందినదైనా సరే, అది మా కేసులో పనికివస్తుంది.